గుయ్యారంలో నాంచారి బొంతలు

కొండలకి ఇంకా పేర్లు పెట్టని కాలం. ఏళ్ళు లెక్కపెట్టాలన్న తొందర ఎవరికీ పుట్టని కాలం. అప్పుడు వెలితిపురం అని ఒక ఊరుండేది. ఎక్కడుండేదో నన్నడక్కండి. పక్క వీధికి దారి చెప్పడమే నాకు చేతకాదు. నేను చెప్పిన దారిన పోయినవాళ్ళు కొందరు ఇంకా తిరిగి రాలేదు. పైగా ఇది వేదాంతం కథ. వేదాంతం నేను ఏ గురువు దగ్గరా చదువుకోలేదు. ఇద్దరు ముగ్గురిని అడిగి చూశాను గాని, నా వాలకం చూసి ముందు తల దువ్వుకు రమ్మన్నారు. కాబట్టి ఇందులో తప్పులు నావి. బాగున్న చోట్లు వెలితిపురం వాళ్ళవి.

ఆ ఊరు కొండ అంచున ఉండేది. ఊరి పక్కనే కొండలో పెద్ద బోలు. లోపలంతా చీకటి. దాన్ని గుయ్యారం అనేవాళ్ళు. గుయ్యారానికి ఎదురుగా వాగు. వాగుకి అవతల చెట్టూ చేమా లేని బోడి గట్టు.

వెలితిపురం వాళ్ళ నమ్మకం ఇది. మొట్టమొదట ఏమీ లేదు. వెలితి ఒక్కటే ఉంది. ఉండీ ఉండీ, ఉండబట్టలేక, ఆ వెలితి "ఎవరూ?" అని ఒక కేక వేసింది. కేక పోయింది, పోయింది. తగలడానికి ఏమీ లేక వెనక్కి తిరిగింది. తిరిగొస్తున్న మారుపలుకు దారిలో ఒక పొరపాటు పడింది. కేక వేసింది తానే అనుకుంది. ఆ పొరపాటు పేరే మనిషి.

"నేను, నేను అంటావు. ఎవరో వేసిన కేకకి మారుపలుకువిరా నువ్వు. అంతే," అని పిల్లలకి ఉగ్గుతో పాటే చెప్పేవాళ్ళు. పిల్లలు బుద్ధిగా తలూపి, "మరి ఆ బెల్లంముక్క నాకే," అనేవాళ్ళు.

ఏడాదికోసారి, వానలు వెనకబట్టాక, ఊరంతా గుయ్యారం అంచున వరస కట్టేది. ఒక్కొక్కరే ముందుకొచ్చి లోపలికి "ఎవరూ?" అని కేక వెయ్యాలి. మారుపలుకు ఒకటొస్తే నీలో 'నేను' కొంచెం ఉన్నట్టు. రెండొస్తే బాగా ఉన్నట్టు. మూడొస్తే తలొంచుకుని ఇంటికి పోవాలి. మూడుకి మించి వస్తే ఇంటికే పోకూడదు. వాగు దాటి అవతలి గట్టు మీద ఏడాదంతా ఉండాలి. వాళ్ళతో ఎవరూ మాట్లాడకూడదు.

అసలు మారుపలుకే రాకపోతే? వాడు ఖాళీ అయినట్టు. వాడిలో 'నేను' లేనట్టు. వాణ్ణి గుయ్యారం అంచున రాతిపీట మీద కూర్చోబెట్టి, కాళ్ళు కడిగి, మూడుపూటలా పెట్టేవాళ్ళు. లేనివాడికి అంత ఆకలెందుకని అడిగినవాళ్ళు లేరు.

ఆ ఊళ్ళో నాంచారి అనే ఆవిడ బొంతలు కుట్టేది. చిరిగిన పంచెలు, వెలిసిన చీరలు, పిల్లలకి పొట్టయిపోయిన చొక్కాలు, ఏమిచ్చినా పొరలు పొరలుగా పేర్చి, మందంగా కుట్టి ఇచ్చేది. ఆమె మొగుడు ఎల్లమంద. గేదెలు కాసేవాడు. ఈ కొండ మీద నిలబడి ఆ కొండ మీది గేదెని పిలిచేవాడు. గేదె తల తిప్పి చూసి వచ్చేది. అంత గొంతు.

అలాంటివాడు కేక వేస్తే గుయ్యారం ఊరుకుంటుందా? మూడు దాటాయి. ఇంకా వస్తూనే ఉన్నాయి. గుయ్యారంలోని గబ్బిలాలన్నీ లేచిపోయాయి.

"వీడిలో 'నేను' పొంగి పొర్లుతోంది," అన్నారు జనం. గట్టు మీదికి పంపించారు.

గట్టు మీదివాళ్ళు ఏడాది తిరిగాక మళ్ళీ వచ్చి కేక వెయ్యొచ్చు. ఎల్లమంద వచ్చేవాడు. మెల్లిగా, మెల్లిగా అని నాంచారి వరసలోంచి చేత్తో సైగ చేసేది. పాపం ఎల్లమందకి పెళ్ళాం మొహం కనబడగానే ఏడాది దిగులంతా గొంతులోకొచ్చేది. "ఎవరూ?" అనాల్సింది మరిచిపోయి "నాంచారీ!" అని కేక వేసేవాడు. కొండకొండంతా నాంచారీ, నాంచారీ అని మోగేది. మళ్ళీ గట్టే.

మొగుణ్ణి ఇంటికి తెచ్చుకోవాలి. నాంచారికి అదొక్కటే కోరిక.

ఊళ్ళో ముగ్గురు గురువులుండేవాళ్ళు. పెద్దాయన రిత్తయ్య. నడిమాయన బోలప్ప. చిన్నాయన సున్నయ్య. వెలితి గురించి ముగ్గురూ పొద్దస్తమానం చెప్పేవాళ్ళు గాని, గుయ్యారం దగ్గర ముగ్గురికీ మారుపలుకు వస్తూనే ఉండేది.

ఒక ఏడాది ఆ కేకల పండక్కి ముందురోజు, ఊరంతా తిని కునుకు తీసే వేళ, రిత్తయ్య నాంచారి గుమ్మంలోకి వచ్చాడు.

"నాంచారీ, గుయ్యారానికి చలేస్తోందే."

"గుయ్యారానికా సామీ?"

"ఆ. అటు పోతుంటే వణుకు వినబడింది. లోపలి గోడకి నాలుగు బొంతలు కప్పి రా. పుణ్యముంటుంది. గుడ్డలకి నా పాత పంచెలు తెచ్చా."

"బొంతలు కప్పితే కేక అందులోనే ఇంకిపోద్ది గదా సామీ."

రిత్తయ్య నేల చూపులు చూశాడు. చెవులు ఎర్రబడ్డాయి.

"పోయినేడు నాకు రెండొచ్చాయే. ఈసారి మూడొస్తే నా మొహం ఎక్కడ పెట్టుకోను? ఈ ఒక్క పని చెయ్. పీట మీద కూర్చున్న మర్నాడే నీ మొగుణ్ణి ఇవతలికి పిలిపిస్తా. మాటిస్తున్నా."

మొగుడి పేరెత్తగానే నాంచారికి ఇంకేమీ వినబడలేదు. పక్కనున్న మేకలదారిన గుయ్యారంలోకి దిగి, బొంతలు వేలాడదీసి వచ్చింది. పొద్దున రిత్తయ్య కేక వేశాడు. చప్పుడు లేదు. జనం దండాలు పెట్టారు. ఆయన కాళ్ళు కడిగే సందట్లో నాంచారి బొంతలు తీసేసింది. తియ్యమని ఆయనే చెప్పాడు. "అందరికీ రాకుండా పోతే నా ఖాళీకి విలువేముంటుందే?" అన్నాడు.

మర్నాడు నాంచారి పీట దగ్గరికి వెళ్ళింది.

"సామీ, నా మొగుడి సంగతి. మాటిచ్చారు."

రిత్తయ్య కళ్ళు సగం మూశాడు. "మాటిచ్చినవాడు లేడమ్మా. ఖాళీ అయిపోయాడు."

"మరి ఆ పాలు తాగుతోందెవరు సామీ?"

"తాగడానికి ఎవరూ అక్కర్లేదు. పాలే లోపలికి పోతాయి."

నాంచారి ఇంటికొచ్చింది.

రెండో ఏడు బోలప్ప వచ్చాడు. ఆయనకి ఒకటే కుమిలిపోవడం. "రిత్తయ్యగారు నిజంగా ఖాళీ అయ్యారు. ఇన్నేళ్ళు చెప్పిందే చెప్పి నేను మాత్రం ఇంతే. దొంగని నేనొక్కణ్ణే. ఎవరికీ చెప్పకే," అన్నాడు. తన పాత పై పంచెలిచ్చాడు. మాటిచ్చాడు. పీటెక్కాడు. మర్నాడు నాంచారి వెళ్ళింది.

"మాటిచ్చినవాడు లేడమ్మా. ఖాళీ అయిపోయాడు."

మూడో ఏడు సున్నయ్య వచ్చాడు. "వాళ్ళిద్దరూ నిజంగా ఖాళీ అయ్యారు, దొంగని నేనొక్కణ్ణే," అని కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. తన అంచు పంచెలిచ్చాడు. మాటిచ్చాడు. పీటెక్కాడు. మర్నాడు నాంచారి వెళ్ళింది.

"మాటిచ్చినవాడు లేడమ్మా. ఖాళీ అయిపోయాడు."

మూడుసార్లూ నమ్మిందా అని మీరు నవ్వుతారు. నవ్వండి. మీ మనిషి వాగుకి అవతల ఉండి, పలకరించడానికి వీల్లేకపోతే మీరేం చేస్తారో నేనూ చూస్తాను. అయినా నాంచారికి సిగ్గుగానే ఉండేది. తలలొంచుకుని ఇళ్ళకి పోయేవాళ్ళ పక్క నుంచి, బొంతలు చంకలో పెట్టుకుని, ఎవరి మొహమూ చూడకుండా నడిచేది.

పీటలు మూడూ నిండాక, ఆ ఖాళీ ఇంకా ఉందో లేదో మళ్ళీ చూపమంది ఊరు. నాలుగో ఏడు ముగ్గురూ వేర్వేరుగా, ఒకరికి తెలియకుండా ఒకరు వచ్చి, "నీకు తెలుసుగా," అని దగ్గి వెళ్ళారు. నాంచారి బొంతలన్నీ మోసుకుపోయి కప్పింది. ఈసారి తియ్యలేదు. ఎల్లమంద కేక కూడా ఆ బొంతల్లోనే ఇంకిపోవాలనుకుంది.

పొద్దున ముగ్గురు గురువులూ కేకలు వేశారు. చప్పుడు లేదు. తర్వాత కుమ్మరి వెంకి వేసింది. చప్పుడు లేదు. జనం నోళ్ళు తెరిచారు. వెంకి మొగుడు వేశాడు. చప్పుడు లేదు. ఎప్పుడూ మూడు మారుపలుకులతో తల వంచుకునే చాకలి భీముడు వేశాడు. చప్పుడు లేదు. ముసలివాళ్ళు వేశారు, పిల్లలు వేశారు, నత్తివాడు వేశాడు. పొద్దు నడినెత్తికొచ్చేసరికి ఊరంతా ఖాళీ అయిపోయింది.

ఇక చూసుకోండి. పీటలు మూడే. కూర్చునేవాళ్ళు ఊరెడు.

"జరగవయ్యా, నేనూ లేను."

"నీకంటే ముందు లేనిది నేను!"

"వంటెవరు చేస్తారు?"

"చేసే మనిషే లేదు."

ఎద్దుని అరువిచ్చినవాడు అడిగితే, "తీసుకున్నవాడు లేడు," అన్నారు. పిల్లనిస్తానన్న మామని అల్లుడడిగితే, "మాటిచ్చినవాడు లేడు," అన్నారు. ఒక పసివాడు ఆకలేసి తల్లి కొంగు పట్టుకున్నాడు. ఆ తల్లి కళ్ళు సగం మూసి, "అమ్మ లేదు నాన్నా, ఖాళీ అయిపోయింది," అంది. వాడు ఒక్క క్షణం ఆమె మొహంలోకి చూసి, తర్వాత ఏడవడం మొదలుపెట్టాడు.

ఆ ఏడుపు వింటూ నాంచారి రాయిలా నిలబడింది. ముగ్గురు గురువులు పీటల మీద చెమటలు కక్కుతున్నారు. నోరు విప్పితే తమ గుట్టు బయటపడుతుంది.

అప్పుడు వాగు దాటి ఎల్లమంద వచ్చాడు. అంచున నిలబడ్డాడు. నాంచారిని చూశాడు. ఎప్పటిలాగే, "నాంచారీ!" అని కేక వేశాడు.

చప్పుడు లేదు.

మళ్ళీ వేశాడు. చప్పుడు లేదు. నరాలు తేలేలా మూడోసారి వేశాడు. చప్పుడు లేదు. ఎల్లమంద మోకాళ్ళ మీద కూలబడ్డాడు.

"ఒసేయ్ నాంచారీ, నేను చచ్చిపోయానా ఏంటే?"

నాంచారి పరిగెత్తుకెళ్ళింది. ఇప్పుడు మాట్లాడొచ్చు. "లేదయ్యా, ఖాళీ అయ్యావంట. మంచిదే. లే, ఇంటికి పోదాం."

"ఎవర్ని తీసుకుపోతావే ఇంటికి?" అన్నాడు ఎల్లమంద. "ఇన్నేళ్ళు ఆ గట్టు మీద నాతో మాట్లాడిన మనిషి లేడు. సాయంత్రం అయ్యేసరికి నీ పేరు పెట్టి పిలిచేవాణ్ణి. నువ్వు పలకవు, నీకు పలికే దారి లేదు, నాకు తెలుసు. ఆ గుయ్యారమొక్కటే నీ పేరు నాకు తిరిగిచ్చేది. ఓహో, నేనింకా ఉన్నాను, నాకొక పెళ్ళాం ఉంది అనుకుని తినేవాణ్ణి. అదీ పోయిందా? ఎవరు తీసేసుకున్నారే?"

నాంచారికి భూమిలోకి పోవాలనిపించింది. మొగుణ్ణి తెచ్చుకుందామని మొగుడికున్న ఒక్క తోడునీ నొక్కేసింది.

 అందరూ చూస్తుండగానే మేకలదారిన లోపలికి దిగింది. ఒక బొంత ఈడ్చుకొచ్చి ఎండలో వేసింది. రెండోది వేసింది. మూడోది వేసింది. అలా అన్నీ వేసింది.

"బొంతలు," అంది. "ఎవరూ ఖాళీ కాలేదు. కేకలన్నీ వీటిలో ఇంకాయి. వేసింది నేను."

 చాకలి భీముడు వంగి బొంతల్ని చూశాడు. ఆ పంచెలు, ఆ అంచులు ఏళ్ళ తరబడి ఉతికినవాడు. ఎవరివో ఇట్టే తెలుసు. అతనికేమిటి, అందరికీ తెలుసు.

"ఎవరు వెయ్యమన్నారే?" అని గుంపులోంచి ఒకరు మెల్లిగా అడిగారు.

నాంచారి పీటల వైపు చూసింది. రిత్తయ్య నేల చూస్తున్నాడు. బోలప్ప ఆకాశం చూస్తున్నాడు. సున్నయ్య తన కాలివేళ్ళు సరిగ్గా ఉన్నాయో లేదో చూసుకుంటున్నాడు. ముగ్గురిలో ఒక్కరూ బొంతల వైపు చూడలేదు.

ఒక్క మాట చాలు. ఆ ఒక్క మాటా ఆమె అనలేదు.

"వెయ్యమన్నవాళ్ళెవరూ లేరు," అంది. "ఇక్కడ ఎవరూ లేరంట గదా. ఉన్నదాన్ని నేనొక్కదాన్నే. అడగాల్సిందేదో నన్నే అడగండి."

తర్వాత అంచుకి వెళ్ళి నిలబడి, "ఎవరూ?" అనలేదు. "నేనే!" అని కేక వేసింది. మామూలు గొంతే. కాని బొంతలు తీసేశాక ఖాళీ గుయ్యారం ఎలా ఉంటుందో మీరే ఊహించుకోండి. నేనే, నేనే, నేనే అంటూ మూడు దాటింది. దాటి, అందరి తలల మీదుగా ఊళ్ళోకి పోయింది.

మూడు దాటితే గట్టు మీదికి పోవాలి. పొమ్మని ఎవరూ అనలేదు. ఉండమనీ ఎవరూ అనలేదు. నాంచారి బొంతలు మూట కట్టుకుంది. ఎల్లమంద మూట అందుకుని భుజాన వేసుకున్నాడు. ఇద్దరూ వాగు దాటారు. పీటల మీది ముగ్గురిలో ఎవరైనా ఒక్కసారి నోరు విప్పితే ఆగేది ఆ నడక. ఎవరూ విప్పలేదు. ఊరంతా చూసింది. చూసి, ఇళ్ళకి పోయి తలుపులు దగ్గరికి వేసుకుంది.

ఆ సాయంత్రం గట్టు మీంచి రెండు గొంతులు వచ్చాయి. "నాంచారీ, కూడయ్యిందా?" "అయ్యిందయ్యా, రా!" గుయ్యారం ఆ రెండింటినీ తీసుకుని ఇంటింటికీ వినిపించింది. 

ఏళ్ళు గడిచాయి. పీటల మీది ముగ్గుర్నీ మళ్ళీ కేక వెయ్యమని ఎవరూ అడగలేదు, దిగమనీ ఎవరూ అనలేదు. ఆ మొగుడూ పెళ్ళాలు ఏటేటా కేక వెయ్యడానికి రావడం మానేశారు. కాని ఊళ్ళో ఏ ఇంట్లో బిడ్డ పుట్టినా, వాగు మధ్య రాతి మీద ఒక చిన్న బొంత మడతపెట్టి ఉండేది. తల్లులు వచ్చి తీసుకునేవాళ్ళు. అవతల నాంచారి నిలబడి ఉండేది. మాట్లాడకూడదు కదా, వీళ్ళు తల దించుకుని బొంత తీసుకుని పోయేవాళ్ళు. బిడ్డ ఆడో మగో కూడా చెప్పేవాళ్ళు కాదు. అలా ఊళ్ళో పిల్లలందరూ ఆ బొంతల కిందే పెరిగారు.

ఒక సాయంత్రం గట్టు మీంచి ఒకే గొంతు వచ్చింది. "నాంచారీ!" గుయ్యారం పలికింది. గట్టు పలకలేదు. "నాంచారీ!" గుయ్యారం పలికింది. గట్టు పలకలేదు.

ఊరికి అర్థమైంది.

పొద్దున్నే రిత్తయ్య పీట దిగాడు. అప్పటికి బాగా ముసలాడు. కర్ర ఊతంగా అంచుకి వచ్చి, ఉన్న బలమంతా కూడదీసుకుని కేక వేశాడు.

"బొంతలు వేయించింది నేనే! మాటిచ్చి తప్పింది నేనే!"

గుయ్యారం పలికింది. మూడు దాటింది. ఆయన చెవులు మూసుకోలేదు. ఆఖరిది ఆగేదాకా నిలబడి విన్నాడు.

బోలప్ప నోరు తెరిచాడు. "మీరా? నేనొక్కణ్ణే అనుకున్నా!"

"మీరిద్దరూనా?" అన్నాడు సున్నయ్య.

ముగ్గురు ముసలివాళ్ళూ ఒకర్నొకరు చూసుకున్నారు. అంతకుముందు ఒక్కరోజైనా ఒకరికొకరు నిజం చెప్పుకుని ఉంటే ఏమయ్యేదో ముగ్గురికీ తట్టినట్టుంది. మెల్లిగా మిగతా ఇద్దరూ కూడా అంచుకి వెళ్ళి తమ కేక వేశారు. తర్వాత ఊరు వరస కట్టింది. "ఆ అంచులెవరివో తెలిసి కూడా ఊరుకుంది నేనే!" "బొంత తీసుకుని పలకరించనిది నేనే!" "అమ్మ లేదని బిడ్డకి చెప్పింది నేనే!" ఆ రోజు గుయ్యారానికి ఊపిరాడలేదు.

తర్వాత అందరూ వాగు దాటారు. ఎల్లమంద నాంచారి పక్కన కూర్చుని ఉన్నాడు. కుట్టు సగంలో ఆగిన ఒక బొంత ఆమె మీద కప్పి ఉంది.

"ఎల్లమందా, మా తప్పయ్యా," అంది కుమ్మరి వెంకి.

ఎల్లమంద తలెత్తి చూశాడు. "ఇవాళ మాట్లాడతారేంటి?" అన్నాడు.

 ఊళ్ళోకి రమ్మన్నారు. రానన్నాడు. అప్పట్నించి రోజూ ఊళ్ళోంచి ఒకరు గట్టు మీదికి వెళ్ళి, అతనితో కూర్చుని కబుర్లు చెప్పి వచ్చేవాళ్ళు. అతనున్నన్నాళ్ళూ ఒక్కరోజు తప్పలేదు. అలా వెళ్ళినందుకు గొప్ప చెప్పుకున్నవాళ్ళూ లేరు.

ఇప్పుడు వెలితిపురంలో ఆ రాతిపీటల మీద మిరపకాయలు ఎండబెడుతున్నారు. మనిషి మారుపలుకే అని ఇప్పటికీ చెబుతారు. కాకపోతే, "మారుపలుకువే అయినా, పలికింది నువ్వే," అని కలుపుతారు. మాట ఇచ్చేటప్పుడు బొంత మీద చెయ్యి వేసి ఇస్తారు.

నాంచారి పోయిన రోజు వచ్చినప్పుడు ఊరంతా గుయ్యారం దగ్గరికి వస్తుంది. వచ్చి, గుయ్యారానికి వీపు తిప్పి, వాగు వైపు చూస్తూ నిలబడుతుంది. మాటిచ్చి తప్పినవాళ్ళు ఆ గుంపులోంచి వెనక్కి వెళ్ళి, అంచున నిలబడి, చేసిందేమిటో కేక వేస్తారు. ఆఖరి మారుపలుకు ఆగేదాకా వింటారు. అది ఎవరి గొంతో అందరికీ తెలుసు. ఎవరూ తిరిగి చూడరు. ఇంటికి పోయాక దాని గురించి ఎవరూ ఎత్తరు.

ఒక్కో ఏడు ఎవరూ కదలరు. పొద్దెక్కుతుంది, కాళ్ళు పీకుతాయి, పిల్లలు గోల పెడతారు. ఇక ఈ ఏడు ఊళ్ళో తప్పు చేసినవాళ్ళు లేరేమో, పోదామా అని ఎవరో అంటారు. అప్పుడు గుంపులో అందరికంటే పెద్దావిడ, "ఇంకాసేపు నిలబడదాం," అంటుంది.

నిలబడతారు. కాసేపటికి వెనకాల ఎవరివో అడుగుల చప్పుడు వినబడుతుంది.